ఆ పాపిట ఎవరిది

శనివారం నాడు మా ఇంట్లో ఉండటమంత శిక్ష ఇంకొకటి లేదు. ఆఫీసులకు సెలవు కాబట్టి కాఠ్మాండూలో ఉన్న చుట్టాలందరూ ఆ రోజే ఊడిపడతారు. టీ తాగుతారు, నన్ను కింది నుంచి పైదాకా చూస్తారు, నేను అక్కడ లేనట్టే మా నాన్నను అడుగుతారు: "బిపనాకి ముప్ఫై వచ్చాయి కదూ?" ఆ పోరు పడలేకే నేను పాటన్‌లో సుగత్ దాయ్, అంటే సుగత్ అన్న, నడిపే పాత సినిమాల క్లబ్బుకు పోవడం మొదలుపెట్టాను. కళాపోషణ ఏమీ కాదు, ముఖం తప్పించుకు తిరగడం.

క్లబ్బంటే పెద్దగా ఊహించుకోకండి. పాత ఇటుక ఇల్లు, పై అంతస్తులో ఒక గది, నేల మీద గడ్డి చాపలు, గోడకు బిగించి కట్టిన తెల్ల దుప్పటి. గుమ్మం ఎంత పొట్టిదంటే ప్రతివారం ఎవరో ఒకరు నుదురు బొప్పి కట్టించుకునే లోపలికి వస్తారు. సుగత్ దాయ్‌వాళ్ళది తాతల నాటి నుంచి రాగి బిందెలు చేసే ఇల్లు. ఆయనొక్కడే సినిమా పిచ్చిలో పడి, యాభై ఏళ్ళ వయసులో కూడా వాళ్ళమ్మ చేత చివాట్లు తింటూ ఉంటాడు.

మొదట్లో అక్కడికి వెళ్ళి హాయిగా నిద్రపోయేదాన్ని. రంగుల్లేవు, పాటల్లేవు, ఎవరూ ఎవరినీ కొట్టరు, మనిషి మెట్లెక్కుతుంటే మెట్లన్నీ ఎక్కేదాకా చూపిస్తారు. ఒక శనివారం జపాను వాళ్ళ బొమ్మ వేశారు. అందులో ఒకావిడ చేట పట్టుకుని బియ్యం చెరుగుతోంది, వేరే ఏమీ జరగటం లేదు. నాకు ఎందుకో ఏడుపొచ్చింది. కింద పడే అక్షరాలు చదివేలోపే మాయమవుతున్నాయి, వాళ్ళ భాష ముక్క రాదు, అయినా ఆ చేట పట్టుకున్న తీరు అచ్చం మా మేనత్తది. ఆ రోజు నుంచి నిద్ర వదిలింది, పిచ్చి పట్టుకుంది. ఇటలీ వీధులు, బెంగాలీ ఇళ్ళ వరండాలు, రష్యా మంచు, ఏది వేస్తే అది నోరు తెరుచుకుని చూశాను. బడిలో లెక్కలు చెప్పుకునే దాన్ని, శనివారం ఎప్పుడొస్తుందా అని వారమంతా వేళ్ళు లెక్కపెట్టుకునే స్థితికి వచ్చాను.

సుగత్ దాయ్‌కి బొమ్మ మధ్యలో ఆపి పాఠం చెప్పే జబ్బుంది. "ఇదిగో, ఈయన కిటికీలోంచి చూశాడు. వెంటనే వీధి కనబడింది. ఆయన చూసింది ఆ వీధినేనని మీకెవరు చెప్పారు? వీధి వేరే ఊళ్ళో, వేరే ఋతువులో తీసి ఉంటారు. రెండు ముక్కలు కోసి అతికించారు, అంతే. మిగతా అంతా మీ బుర్రలో మీరే కుట్టుకున్నారు," అనేవాడు. మేము బుద్ధిగా తలూపేవాళ్ళం. నాకు ఇవన్నీ తెలుసు అనుకునేదాన్ని.

అందరి దేశాల పాత బొమ్మలూ చూశాం, మనదేదీ అని క్లబ్బులో ఎప్పుడూ ఒక గొణుగుడు ఉండేది. మన దగ్గర అప్పట్లో తీసినవే తక్కువ, తీసినవి దాచిన వాళ్ళు ఇంకా తక్కువ. తిహార్ పండుగ వెళ్ళిన తర్వాత సుగత్ దాయ్ ముఖం వెలిగిపోతూ వచ్చాడు. దక్షిణాన తరాయి మైదానాల్లో మూతపడ్డ ఒక హాలు గోడౌనులో రేకు డబ్బాలు దొరికాయట. మూతలు తీస్తే పాడైన ఊరగాయ జాడీ వాసన కొట్టిందట. మొదటి రీలు ముద్దకట్టి పోయింది కాబట్టి పేర్లేమీ లేవు. మిగిలినదాన్ని ఎలాగో కంప్యూటర్లోకి ఎక్కించాడు. "మన బొమ్మ, నలుపు తెలుపు, ఇదివరకు మీలో ఎవరూ చూసి ఉండరు," అన్నాడు.

నల్లటి గీతలు వానలా కురుస్తున్నాయి. రాతి తూము నుంచి పడే ధార దగ్గర ఒకమ్మాయి బిందె పెట్టి నీళ్ళు పడుతోంది. ఎవరో పిలిచినట్టు తల తిప్పింది. ఆ అమ్మాయి మా హేమా ఫుపూ.

హేమకుమారి మా నాన్నకు అక్క. మా అమ్మ పోయాక నన్నూ మా తమ్ముడు నిశ్చల్‌నూ పెంచింది ఆవిడే. ఎప్పుడూ బూడిద రంగో లేత నీలమో కట్టుకుంటుంది. పాపిట బోడిగా ఉంటుంది, ఎరుపు అన్నది ముట్టుకోదు, పెళ్ళిళ్ళలో వంటింటి గడప దాటదు. "మీ ఫుపూ మొగుడు పోయాడు," అని చిన్నప్పుడు చెప్పారు. ఎవరాయన, ఎక్కడివాడు, ఫోటో ఏదీ అని ఒకసారి అడిగాను. నాన్న చెంప పగలగొట్టాడు. మళ్ళీ అడగలేదు.

ఇప్పుడు అదే ఫుపూ దుప్పటి మీద పద్దెనిమిదేళ్ళ పిల్లయి నవ్వుతోంది. కాసేపటికి బొమ్మలో పెళ్ళి వచ్చింది. ఫుపూ ముఖం, దించిన కళ్ళు. సిందూరం పట్టుకున్న ఒక మగవాడి చెయ్యి. పాపిట. ఆ పాపిట నిండా పొడి పడింది. మళ్ళీ ఫుపూ ముఖం, ఈసారి కళ్ళనిండా నీళ్ళు. ఆ హీరో ఎవరని సుగత్ దాయ్‌ని అడిగాను. ఆయన పోయి చాలా ఏళ్ళయిందనీ, అప్పుడు రేడియోలో కూడా చెప్పారనీ అన్నాడు.

ఇంటికి వెళ్ళేసరికి ఫుపూ డాబా మీద ఆకుకూర ఎండబెడుతోంది. చలికాలానికి పులియబెట్టి దాచుకునే గుంద్రుక్ కోసం ఏటా ఉండే పనే.

"ఫుపూ, నువ్వు సినిమాలో వేశావా?"

ఆవిడ చెయ్యి ఆగలేదు. "ఎవరు చెప్పారే?"

"ఎవరూ చెప్పలేదు. ఇవాళ చూశాను."

అప్పుడు ఆగింది. చేతిలో ఆకులు అలాగే పట్టుకుని నా వైపు తిరిగింది. "ఇంకా ఉందా అది? తగలబడిపోయిందన్నారే." తర్వాత, నేను జన్మలో ఆవిడ నోట వినని గొంతుతో, "ఎలా ఉన్నాను?" అంది.

"బాగున్నావు. ఎంత బాగున్నావో చెప్పలేను."

"ముక్కు పెద్దగా కనబడిందా? ఆ కెమెరా ఆయన నా ముక్కుతో ఒకటే గోల. వాడి ముక్కేదో పెద్ద చెక్కినట్టు ఉన్నట్టు." ఆవిడ నవ్వింది. నాకు నవ్వు రాలేదు.

"మరి నీ మొగుడెవరు ఫుపూ?"

"చూశావుగా. ఆయనే. వెల్లుల్లి కంపు. పక్కన నిలబడాలంటే ఊపిరి బిగబట్టేదాన్ని," అని మళ్ళీ ఆకులు పరవడంలో పడింది.

ఆ సాయంత్రం ఆవిడ చెప్పింది ఇది. మా తాత సర్కారు కచేరీలో గుమాస్తా. ఆ డైరెక్టరు ఆయన స్నేహితుడి కొడుకు. స్కూల్లో నాటకం చూసి, చిన్న వేషం ఉంది, హీరో మొదటి పెళ్ళాం, సగంలో చచ్చిపోతుంది, పంపించండి అని తాత కాళ్ళావేళ్ళా పడ్డాడు. తాత ఒకే ఒక్క షరతు పెట్టాడు. ఏ పరాయివాడూ నా కూతురి పాపిట్లో సిందూరం వెయ్యకూడదు. వేస్తే వేసినట్టే, అది బొమ్మా నాటకమా అని చూడను అన్నాడు. డైరెక్టరు పశుపతి మీద ఒట్టు వేశాడు. వేసి, నిలబెట్టుకున్నాడు కూడా.

"నా మీద ఒక్క రవ్వ కూడా పడలేదే. ఆ ముక్క తీసేటప్పుడు నేను పక్కన స్టూలు మీద కూర్చుని నారింజ తొనలు తింటున్నాను. రంగులు పూసే ఆయన పెళ్ళాం మైలీ అని ఒకావిడ ఉండేది. ఆమెను కూర్చోబెట్టారు. ఆ చెయ్యి కూడా హీరోది కాదు, ఆమె మొగుడిదే. ఎవరి పెళ్ళాం మీద ఎవరూ వెయ్యకూడదు కదాని డైరెక్టరు అంత జాగ్రత్త పడ్డాడు. 'మళ్ళీ పెళ్ళి చేసుకుంటున్నాం, భోజనాలేవీ?' అని మైలీ ఒకటే నవ్వు."

బొమ్మ ఆడిన మొదటి శనివారం తాత ఇంటిల్లిపాదికీ కొత్తబట్టలు కట్టించి హాలుకు తీసుకెళ్ళాడు. అప్పటికే ఫుపూకు సంబంధం కుదిరి ఉంది, ఆ మగపెళ్ళివాళ్ళను కూడా పిలిచాడు. తాత అంతకుముందు సినిమా చూసింది లేదు. పెళ్ళి ఘట్టం వచ్చింది. కూతురి ముఖం కనబడింది, చెయ్యి కనబడింది, సిందూరం పడింది. హాల్లో ఆడవాళ్ళు నిజం పెళ్ళికి పాడినట్టే పాట ఎత్తుకున్నారు. తాత లేచి బయటికి వెళ్ళిపోయాడు. వెనకాలే మగపెళ్ళివాళ్ళూ లేచారు.

"ఇంటికొచ్చి మా నాన్నతో చెప్పాను. 'బువా, అది నేను కాదు, నేనక్కడే ఉన్నాను,' అన్నాను. 'నేను కూడా అక్కడే ఉన్నాను, కళ్ళారా చూశాను, నేను గుడ్డివాణ్ణా?' అన్నాడు. డైరెక్టరు వచ్చి గుమ్మంలో నిలబడి ఎంత చెప్పినా కూర్చోమని కూడా అనలేదు. ఊరు ఊరంతా చూసింది కదే. చూడనిదాన్ని నేనొక్కదాన్నే. నేను నారింజ తింటున్నాను."

ఆ తర్వాత సంబంధాలు రాలేదు. ఆ హీరోకు తన పెళ్ళాం పిల్లలు తనకున్నారు, ఇటువైపు ఒక ఆడపిల్ల బతుకు తన పేరున అతుక్కుపోయిందని ఆయనకు తెలియను కూడా తెలియదు. ఆయన పోయాడని రేడియోలో చెప్పిన రోజున మా నాన్నమ్మ ఏడుస్తూ ఫుపూ ఎర్ర చౌబందీ రవికెలన్నీ పెట్టెలో పెట్టి తాళం వేసింది. అలా ఫుపూ పెళ్ళి కాకుండానే విధవయింది. మా ఇల్లు ఇలాంటి ఇల్లని ముప్ఫై ఏళ్ళు అక్కడే అన్నం తింటూ నాకు తెలియలేదు.

అప్పటికి నిశ్చల్ పెళ్ళి కుదిరి ఉంది, మంసిర్ నెలలో, అంటే మార్గశిరంలో, ముహూర్తం. కొత్తకోడల్ని గుమ్మంలో ఎదుర్కొని లోపలికి తెచ్చుకోవలసింది తల్లి. అమ్మ లేదు. పెంచిన చెయ్యి ఫుపూది. కానీ ఆవిడ విధవ కాబట్టి నాన్న విరాట్‌నగర్ నుంచి వేలువిడిచిన పిన్నిని రమ్మని ఫోను చేశాడు. ఆవిడ నిశ్చల్‌ను చూస్తే పోల్చుకోలేదు.

"నేను డాడీతో మాట్లాడతాను. నువ్వే గుమ్మంలో నిలబడాలి," అన్నాను.

"గుమ్మం సంగతి వదిలెయ్యి. ఎవరు నిలబడితే ఏం, పిల్ల లోపలికొస్తే చాలు. నాకు కావలసింది వేరు." ఆవిడ గొంతు తగ్గించింది. "బువా పోయాడు, ఆమా పోయింది. ఆ రోజు హాల్లో ఉన్న మావాళ్ళలో బతికున్నది కాంఛా ఒక్కడే. అప్పుడు పదేళ్ళవాడు, బువా ఒళ్ళో కూర్చుని చూశాడు. వాడొక్కడు ఆ బొమ్మ ఇంకోసారి చూసి, 'దిదీ, అది నువ్వు కాదు,' అంటే చాలు. ఒక్కసారి ఒక్కరు అంటే చాలు నాకు."

కాంఛా అంటే మా నాన్న. ఇంట్లో చివరివాడు కాబట్టి ఆవిడకు ఇప్పటికీ కాంఛాయే.

నేను నోరు మూసుకుని ఉండాల్సింది. "కానీ ఫుపూ," అన్నాను, "నేను కూడా ఇవాళ చూశాను కదా. నీ మీదే పడినట్టుంది."

ఆవిడ నన్ను చూసిన చూపు నేను మరచిపోలేను. కోపం లేదు అందులో. "నువ్వు కూడానా?" అంది అంతే. తట్ట ఎత్తుకుని కిందికి వెళ్ళిపోయింది.

సిగ్గుతో చచ్చిపోయాను. ఇన్ని శనివారాలు చాపల మీద కూర్చుని, కోసి అతికించడం గురించి వినీ వినీ, చివరికి నేను కూడా తాతలాగే కుట్టుకున్నాను. మర్నాడు ఆదివారం, మాకది పనిరోజే. బడి ఎగ్గొట్టి సుగత్ దాయ్ ఇంటికి పరుగెత్తాను. ఆ పెళ్ళి ఘట్టాన్ని ఒక్కో బొమ్మగా జరిపి చూపించమన్నాను.

తాత కాలంలో ఇది ఎవరివల్లా అయ్యే పని కాదు. రీలు తిరుగుతూ ఉంటుంది, చూస్తూండగానే వెళ్ళిపోతుంది, ఆగమంటే ఆగదు. ఇప్పుడు సుగత్ దాయ్ వేలితో నొక్కితే ఆగింది. ఫుపూ ముఖం. చెవి తమ్మెకు ఒకటే కుట్టు, చిన్న పోగు. తర్వాతి ముక్క, పాపిట దగ్గరగా. జుట్టు పక్కనుంచి చెవి అంచు కనబడుతోంది. ఆ చెవికి తమ్మె నుంచి పైదాకా వరసగా కుట్లు, కొండల మీది ఆడవాళ్ళు కుట్టించుకున్నట్టు. జుట్టు కూడా వేరే, ఉంగరాలు తిరిగి ఉంది. మళ్ళీ ఫుపూ ముఖం, మళ్ళీ ఒకటే కుట్టు.

"చెవిని దాచడం మరిచిపోయాడు పాపం," అన్నాడు సుగత్ దాయ్. "మనమూ చూడటం మరిచిపోయాం. నేను ఎన్నిసార్లు చూశానో దీన్ని."

నేను ఏడ్చాను. సంతోషంతోనా, కోపంతోనా అంటే రెండూ. ఒక్క చెవి చాలు. ఆ చెవిని ఒక్కరు చూసి ఉంటే ఆవిడ పిల్లలు ఈపాటికి నాకంటే పెద్దవాళ్ళయి ఉండేవాళ్ళు.

ఫుపూకు చెప్పాను. ఎగిరి గంతేస్తుందనుకున్నాను. "నాకు తెలియందేముంది అందులో? నేను అప్పట్నుంచీ చెబుతున్నది అదే కదే," అంది. అని, కొంగుతో ముఖం తుడుచుకుంది. "కాంఛాకు చూపించు."

అదే అసలు కష్టం. మా నాన్న ధ్రువ అడవుల శాఖలో పనిచేసి రిటైరయిన మనిషి. చెట్లతో ఉన్నంత నెమ్మదిగా మనుషులతో ఉండడు. మా ఇంట్లో టీవీలో వార్తలు తప్ప ఏదీ రాకూడదు. నేను శనివారాలు సినిమాలకు పోతున్నానని తెలిసి వారం రోజులు నాతో మాట్లాడలేదు. అప్పుడు కారణం తెలియక ముసలి చాదస్తం అనుకున్నాను.

"డాడీ, ఒక్క గంట. నాతో పాటన్ రండి. ఫుపూ బొమ్మ దొరికింది."

టీ గ్లాసు కింద పెట్టాడు. "ఎవరికి కావాలి అది? తవ్వి తీసి ఊరంతా మళ్ళీ చూపించాలా? పెళ్ళి పెట్టుకుని ఇంట్లో ఇప్పుడు ఈ రభసేమిటి?"

"అది ఫుపూ కాదు డాడీ. సిందూరం వేసింది ఫుపూకి కాదు. నేను చూపిస్తాను."

"నాకు నువ్వు చూపించేదేమిటే? నేను చూశాను. నువ్వు పుట్టకముందు చూశాను."

అరుపులు విని ఫుపూ వంటింట్లోంచి వచ్చింది. చేతులకు పిండి. నాన్న ముందు నిలబడి, "కాంఛా, ఇన్నేళ్ళలో నిన్నేమైనా అడిగానా?" అంది.

నిజంగానే అడగలేదు. నాన్న లేచి కోటు తొడుక్కున్నాడు, టోపీ పెట్టుకున్నాడు, మాకంటే ముందు నడిచి టెంపో ఎక్కాడు.

క్లబ్బు గదిలో మేము నలుగురమే. నేను వద్దన్నా వినకుండా నిటారుగా వచ్చి నాన్న గుమ్మానికి నుదురు కొట్టుకున్నాడు, ఆ కోపం కాస్త సుగత్ దాయ్ మీద చూపించాడు. చాప మీద కూర్చోలేడని స్టూలు వేశారు. ఫుపూ కింద కూర్చుంది. పదేళ్ళప్పుడు చూసిన బొమ్మ కోసం మా నాన్న అరవయ్యేళ్ళు దాటిన ముఖంతో ఎదురుచూస్తున్నాడు. నాకు అప్పుడు ఆయన మీద మొదటిసారి జాలేసింది.

రాతి ధార వచ్చింది. బిందె, నీళ్ళు, తల తిప్పిన పిల్ల. "దిదీ," అన్నాడు నాన్న, గొంతులోంచి పిల్లవాడి మాట వచ్చినట్టు. ఆ మాట తనకే వినబడి ఉండదు.

"ఆ బిందె చిల్లుదిరా. చీర తడిసి నేను వణికిపోతుంటే ఇంకోసారి ఇంకోసారి అంటాడు ఆ మహానుభావుడు," అంది ఫుపూ. నాన్న నవ్వాడు. ఇద్దరూ నవ్వారు. ఇదేదో సుఖంగా గడిచేలా ఉందని నేను ఆశపడ్డాను.

పెళ్ళి వచ్చింది. నాన్న వీపు బిగుసుకుంది. ముఖం, చెయ్యి, పాపిట, సిందూరం. ఆయన కళ్ళు మూసుకోవడం చూశాను. చూడటానికి వచ్చి, ఆ ఒక్క ముక్క దగ్గరే కళ్ళు మూసుకున్నాడు.

"ఆపండి దాయ్. వెనక్కి," అన్నాను. "డాడీ, కళ్ళు తెరవండి. ఇది ఫుపూ ముఖం. చెవి చూడండి. ఒకటే కుట్టు. దాయ్, ఇప్పుడు ముందుకు. ఇది పాపిట. ఈ చెవి చూడండి. ఎన్ని కుట్లున్నాయో చూడండి. ఇది వేరే మనిషి. మైలీ అని. ఆ చెయ్యి ఆమె మొగుడిదే."

నాన్న లేచాడు. దుప్పటి దగ్గరికి వెళ్ళాడు. ఆయన నీడ సగం బొమ్మను కప్పేసింది, పక్కకు జరిగి మళ్ళీ చూశాడు. వేలు పెట్టి ఆ చెవి అంచు వెంట పైదాకా రాశాడు. తర్వాత ఫుపూ దగ్గరికి వచ్చి, మోకాళ్ళ మీద కూలబడి, ఆవిడ నెరిసిన జుట్టు పక్కకు తోసి చెవి చూశాడు. అక్కా తమ్ముళ్ళు ఒకే కప్పు కింద బతికారు, ఆయన ఆవిడ చెవి చూడటం అదే మొదలు. ఒకటే కుట్టు ఉంది, పోగు లేదు.

ఆయనకు అర్థమైంది. లెక్క తప్పని తెలిసిన క్షణంలో పిల్లల ముఖం ఎలా మారుతుందో నాకు రోజూ చూసే అలవాటే. నాన్న ముఖం అలాగే మారింది. ఇక అనడమే మిగిలింది. ఫుపూ ఆయన వైపు చూస్తోంది, పెదవులు కొంచెం తెరుచుకుని ఉన్నాయి. ఆ మాట ఆవిడ తనలో ఎన్నిసార్లు విని ఉంటుందో.

"బువా చూశాడు," అన్నాడు నాన్న.

"చూశాడు," అంది ఫుపూ.

"కళ్ళారా చూశాడు. నేను ఒళ్ళోనే ఉన్నాను. ఆయన చేతులు వణకడం నాకు తెలిసింది." ఆయన గొంతు పైకి లేస్తోంది. "అబద్ధమాడే మనిషి కాదు బువా. తప్పు చేసే మనిషి కాదు. చెట్టంత సంబంధం వదులుకున్నాడు. ఆమా ఏడ్చి ఏడ్చి పోయింది. అదంతా... ఉత్తదేనా? అది నువ్వు కాకపోతే అదంతా ఏమిటి దిదీ? మా పిల్లలకు నీళ్ళు పోసుకుంటూ, మా ఎంగిళ్ళు ఎత్తుకుంటూ, నువ్వు ఇన్నేళ్ళు..."

ఫుపూ రెండు చేతులూ పట్టుకున్నాడు.

"నువ్వే. నువ్వే అయి ఉండాలి. చెప్పు దిదీ. నువ్వే కదా?"

దుప్పటి మీద ఆ పాపిట అలాగే ఆగి ఉంది. "డాడీ, మీరు చూశారు!" అని నేను అరిచాను. సుగత్ దాయ్ నా మోచెయ్యి పట్టుకుని వద్దన్నట్టు నొక్కాడు. నాన్న ఏడుస్తున్నాడు. ఆయన ఏడవగా నేను ఎప్పుడూ చూడలేదు, అమ్మ పోయినప్పుడు కూడా. భుజాలు ఎగిరెగిరి పడుతున్నాయి, టోపీ జారి కింద పడింది, ఊపిరి అందడం లేదు.

ఫుపూ ఆయన తల మీద చెయ్యి వేసింది. దుప్పటి వైపు ఒకసారి చూసింది. తర్వాత నా వైపు చూసింది, నన్ను క్షమాపణ అడుగుతున్నట్టు.

"ఔనురా కాంఛా," అంది. "నేనే."

తండ్రి గుమ్మం బయటికి నెట్టినా, తల్లి కాళ్ళ మీద పడి ఏడ్చినా, కుదిరిన సంబంధం చెడినా, ఊరంతా వేలు పెట్టి చూపించినా ఆవిడ ఒక్కసారి కూడా ఒప్పుకోని మాట అది. నాన్న ఆవిడ ఒళ్ళో తల పెట్టుకుని నెమ్మదించాడు. నేను మాత్రం ఊరుకోలేదు.

"అబద్ధం ఎందుకు చెప్పావు ఫుపూ? ఆయన చూశాడు, ఆయనకు తెలుసు!"

"తెలుసు కాబట్టే. నోరు మూసుకోవే," అంది, ఆయన జుట్టు నిమురుతూనే. "చచ్చిపోతాడు వీడు."

మంసిర్‌లో నిశ్చల్ పెళ్ళయింది. విరాట్‌నగర్ పిన్ని ఎర్ర పట్టుచీరలో గుమ్మం దగ్గర నిలబడి, పెళ్ళికొడుకు పేరు పక్కవాళ్ళను అడిగి తెలుసుకుని, కోడల్ని లోపలికి తెచ్చింది. ఫుపూ పై గదిలో కిటికీ వేసుకుని కూర్చుంది. పిల్ల పొడుగేనా, కుడికాలే ముందు పెట్టిందా అని నన్ను అడుగుతోంది. కింద బాజాలు మోగుతున్నాయి, అందరికీ నుదుట అక్షింతల బొట్లు పెడుతున్నారు. నాన్న మెట్ల దగ్గర నిలబడి నా పేరు పెట్టి పిలిచాడు, మళ్ళీ పిలిచాడు. ఫుపూ పేరు పిలవలేదు. నేను వెళ్ళలేదు.